బయటపడి మూడేళ్లయినా బైక్ స్టాండ్ చప్పుడుకు వణుకు ఎందుకు?

చెల్లీ అని పిలుస్తున్నాను, ఏమీ అనుకోకండి. మీరు రాసింది రెండుసార్లు చదివాను. తొమ్మిదేళ్లు కాపురం చేసి, దెబ్బలు పడి, మూడేళ్ల కింద బాబును తీసుకుని బయటికొచ్చారు. హన్మకొండలో గది అద్దెకు తీసుకుని ప్రైవేటు బడిలో పని చేసుకుంటున్నారు. అతను మీ జోలికి రావడం లేదు. అయినా కింద ఎవరైనా బైక్ స్టాండ్ వేస్తే చేతులు చల్లబడుతున్నాయి, హెడ్‌మాస్టర్ పిలిస్తే నోరు ఎండిపోతోంది, రాత్రి మూడింటికి మెలకువ వస్తే ఇక నిద్ర రావడం లేదు. "అన్నీ అయిపోయినయ్ గదా బిడ్డా, ఇంక రంది ఎందుకు" అని అమ్మ అంటోంది. నాకు పిచ్చి పడుతోందా అని అడిగారు. చివర్లో బాబు సంగతి, పర్కాల ఫంక్షన్ సంగతి రాశారు. వాటి దగ్గరికీ వస్తాను.

పిచ్చి కాదు. ఈ మాట ముందే చెప్పేస్తున్నాను, మిగతాది తీరిగ్గా చదవండి.

వరంగల్ చుట్టుపక్కల ఊళ్లలో ఇలాంటి ఇళ్ల నుంచి వచ్చిన ఆడవాళ్లతో కూర్చుని మాట్లాడే పని నేను పదిహేడేళ్లుగా చేస్తున్నాను. డాక్టర్‌ను కాదు, కౌన్సెలర్‌ను. ఇక్కడ చెప్పే మనుషుల వివరాలు ఎవరూ గుర్తుపట్టకుండా మార్చాను.

బైక్ స్టాండ్ గురించి చెప్పింది మీరొక్కరే కాదు. నర్సంపేట వైపు నుంచి వచ్చిన ఒకామె నాకు దాన్ని విడమరిచి చెప్పింది. ఇంజను ఆపి, ఒక్క క్షణం ఆగి, మెల్లగా స్టాండ్ వేస్తే ఆ రాత్రి అన్నం తిని పడుకుంటాడు. ఇంజను ఆగకముందే స్టాండును కాలితో తన్నిన చప్పుడు వస్తే పిల్లల్ని పక్కింటికి పంపాలి. ఆ చప్పుడుకూ తలుపుకూ మధ్య అతనికి పన్నెండు అడుగులు పట్టేది. ఆ పన్నెండు అడుగుల్లో ఆమె టీవీ ఆపేది, కూరలో ఉప్పు ఇంకోసారి చూసేది, వాకిట్లో చెప్పులు వరుసగా పెట్టేది, కత్తిపీటను మంచం కిందికి తోసేది. ఏడేళ్లు రోజూ ఇదే. ఎవరూ నేర్పలేదు. ఆలోచించి చేసింది కూడా కాదు, ఒళ్లే నేర్చుకుంది. దాని వల్లే కొన్ని రాత్రులు దెబ్బలు తప్పాయి.

ఇప్పుడు మీ ఒళ్లు చేస్తున్నది కూడా అదే పని. ఆ ఇంట్లో మిమ్మల్ని కాపాడిన అలవాటు అది. ఇల్లు మారింది, తాళం మీ చేతిలోకి వచ్చింది, కానీ ఆ సంగతి ఒళ్లుకు ఇంకా తెలియలేదు.

మన మెదడులో అమిగ్డాలా అని బాదం గింజంత భాగం ఉంది. అపాయాన్ని పసిగట్టి గంట కొట్టడం దాని పని. అది గంట కొడితే అడ్రినలిన్, కార్టిసోల్ అనే హార్మోన్లు ఒంట్లోకి దిగుతాయి, గుండె దడ మొదలవుతుంది, చేతుల్లో రక్తం తగ్గి చల్లబడతాయి. ఇదంతా మీరు "పాలాయన బండే కదా" అని అనుకునేలోపే అయిపోతుంది. పక్కనే హిప్పోకాంపస్ అని ఇంకో భాగం. ఏ సంగతి ఎప్పుడు జరిగింది, ఎక్కడ జరిగింది అని తారీఖు వేసి పెట్టేది అదే. విపరీతమైన భయంలో ఉన్నప్పుడు దాని పని సరిగా సాగదు. అందుకని ఆ రాత్రుల జ్ఞాపకం తారీఖు లేని కాగితంలా లోపల పడి ఉంటుంది. మళ్ళీ పైకి వచ్చినప్పుడు, పాత సంగతి యాదికి వచ్చినట్టు ఉండదు, ఇప్పుడే జరుగుతున్నట్టు ఉంటుంది. మూడింటికి మీకు మెలకువ రావడం వెనక కూడా ఇదే ఉండొచ్చు. అతను ఏ వేళకు తాగి వచ్చేవాడో ఒకసారి గుర్తు చేసుకుని చూడండి.

దీనికి వైద్యంలో పేరుంది. యుద్ధం నుంచి తిరిగొచ్చిన సైనికుల్లో ఇలాంటివి ఎక్కువగా చూశాక, 1980లో అమెరికా సైకియాట్రిస్టులు దీన్ని పీటీఎస్‌డీ (ఘోరమైన సంఘటన తర్వాత మనసులో, ఒంట్లో మిగిలిపోయే బాధ) అని తమ జబ్బుల పట్టికలో చేర్చారు. కానీ సైనికుడికి యుద్ధం ఎక్కడో జరుగుతుంది, ఇంటికొస్తే గండం గడిచినట్టు. మీకు గండం ఇంట్లోనే ఉంది, అదీ ఏళ్ల తరబడి. ఆ తేడాను ప్రపంచ ఆరోగ్య సంస్థ గుర్తించింది. 2022 జనవరి నుంచి అమలులో ఉన్న వాళ్ల పట్టికలో కాంప్లెక్స్ పీటీఎస్‌డీ అని విడిగా రాశారు. మామూలు పీటీఎస్‌డీలో ఉండే ఉలికిపాటు, పీడకలలు, ఆ సంగతుల నుంచి తప్పించుకు తిరగడం దీనిలోనూ ఉంటాయి. వాటితో పాటు ఇంకో మూడు: కోపమూ ఏడుపూ పట్టు తప్పడం, నేను దేనికీ పనికిరాను అన్న నమ్మకం గట్టిపడిపోవడం, మనుషులకు దగ్గర కాలేకపోవడం. హెడ్‌మాస్టర్ పిలుపుకు నోరు ఎండిపోవడం గురించి రాస్తూ మీరు "ఆయన మంచివాడే, తప్పు నాదే అయి ఉంటదని ముందే అనిపిస్తది" అన్నారు. ఆ రెండోది ఇదే. మీకున్నది ఇదేనని చూడకుండా నేను చెప్పలేను, సైకియాట్రిస్టు చూసి చెప్పాలి. కానీ మీరు రాసిన సంగతుల్లో నాకు కొత్తది ఒక్కటీ లేదు.

మనసుకు తగిలిన ఇలాంటి గాయాన్ని ట్రామా అంటారు, కానీ మన దగ్గర ఎవరూ ఆ మాటతో రారు. "పానం మంచిగుంటలేదు" అంటారు. గుండె దడ, తల నరాలు గుంజుతున్నయ్, ఒళ్లంతా నొప్పులు, ఊరికే బుగులు అంటారు. ఈసీజీ తీయించుకుంటారు, గ్లూకోజ్ ఎక్కించుకుంటారు, గాలి సోకిందని తాయెత్తు కట్టించుకుంటారు. ఒకామెకు ఒక డాక్టర్ రెండేళ్లు బలం బిళ్లలు రాశాడు. ఇంట్లో ఎవరైనా కొడుతున్నారా అని ఒక్కసారి అడగలేదు. ఆ ఒక్క ప్రశ్నకు అరనిమిషం పట్టేది. నాకు ఇప్పటికీ బాధే.

ఇక్కడే ఇంకో మాట. తల గోడకు కొట్టడం గానీ, గొంతు పిసకడం గానీ ఎప్పుడైనా జరిగిందా? జరిగితే అది భయం సంగతి మాత్రమే కాదు, మెదడుకు నిజంగానే దెబ్బ తగిలి ఉండొచ్చు. తలనొప్పి, మతిమరుపు, వెలుతురు పడకపోవడం, మాట తడుముకోవడం దాని వల్ల కూడా వస్తాయి. మనవాళ్లు నుదుటి మీది కుట్లు చూపిస్తారు గానీ గొంతు పట్టుకున్న సంగతి చెప్పరు, పైకి మచ్చ కనపడదు కాబట్టి. డాక్టర్ అడగకపోయినా మీరే చెప్పండి.

ఇప్పుడు అమ్మ మాట. ఆమె మీద కోపం పెట్టుకోకండి, కానీ ఆ మాట మీకు ఎందుకంత గుచ్చుకుందో నాకు తెలుసు అనుకుంటున్నాను. జనగామ దగ్గరి ఒకామె మొదటిసారి వచ్చినప్పుడు చీరల షాపు ప్లాస్టిక్ కవర్‌లో ఐదు కాగితాలు తెచ్చింది. అన్నీ పంచాయితీ ఒప్పందాలు. పెద్దమనుషులు కూర్చుని రాయించినవి. ప్రతి కాగితంలో పై సగం "ఇక మీదట కొట్టను" అని అతని సంతకం, కింది సగం "ఇక మీదట ఎదురు మాట్లాడను, చెప్పకుండా తల్లిగారింటికి పోను" అని ఆమె సంతకం. పగిలిన పెదవికీ, ఎదురు మాటకూ ఒకే కాగితం మీద, ఒకే తూకం. ఐదుసార్లూ బొట్టు పెట్టి, చీర పెట్టి తిరిగి పంపారు. దెబ్బల గురించి చెప్పేటప్పుడు ఆమె ఏడవలేదు. ఆ కాగితాలు మడత విప్పేటప్పుడు ఏడ్చింది.

నా అనుభవంలో ఎక్కువ కాలం మానకుండా ఉండేది ఈ గాయమే. ఒక మనిషి కొట్టడం ఒక ఎత్తు. మన అనుకున్న పదిమంది చూసి, తెలిసి, తిరిగి అక్కడికే పంపడం ఇంకో ఎత్తు. నీ మాటకు విలువ లేదని అంతమంది కలిసి చెప్పాక మనిషి తన కళ్లను తానే నమ్మడం మానేస్తుంది. నిజంగా అంత కొట్టాడా, నేనే పెద్దది చేస్తున్నానా అనిపిస్తుంది. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో తెలంగాణలో 18 నుంచి 49 ఏళ్ల మధ్య పెళ్లయిన ఆడవాళ్లలో నూటికి దాదాపు 37 మంది భర్త చేతిలో హింస పడ్డామని చెప్పారు. అదే సర్వేలో, ఏదో ఒక కారణానికి భర్త కొట్టడం సబబేనని మన రాష్ట్రంలో నూటికి 84 మంది ఆడవాళ్లు చెప్పారు. ఈ రెండో అంకె దగ్గర నేను చాలాసేపు ఆగిపోయాను. మీ అమ్మ ఏ కాలంలో పెరిగిందో, ఎన్ని దిగమింగిందో మనకు తెలియదు. అయిపోయింది అంటేనే ఆమెకు ఊపిరి ఆడుతుందేమో. ఆమెకు అర్థమయ్యేలా ఒక్క వాక్యం చాలు: "అమ్మా, కాలు విరిగితే కట్టు విప్పినంక గూడ నడక సక్కగ రావడానికి టైం పడ్తది గదా, గిది గూడ గంతే." చాలామంది తల్లులకు ఈ పోలిక ఎక్కింది.

ఒక పక్క భయపడుతూనే అప్పుడప్పుడు అతను యాదికొస్తాడని, అందుకు సిగ్గేస్తోందని రాశారు. సిగ్గు వద్దు. భయపెట్టిన మనిషే తర్వాత మందు రాశాడు, మిర్చీ బజ్జీలు తెచ్చి ముందు పెట్టాడు, నువ్వు లేకపోతే నేను లేనని ఏడ్చాడు. భయంతో బిగుసుకున్న ఒళ్లుకు ఆ పూట దొరికిన హాయి మామూలుది కాదు. రోజూ దొరికే దానికన్నా ఎప్పుడో ఒకసారి దొరికేదాని మీదే మనసు ఎక్కువగా అతుక్కుంటుంది. అతను యాదికి రావడమంటే తిరిగి వెళ్లాలని కాదు, వచ్చేయడం తప్పని అంతకన్నా కాదు. పైగా మీరు పోగొట్టుకున్నది అతన్ని ఒక్కడినే కాదు. ఒడిబియ్యం పోసేటప్పుడు మిమ్మల్ని దూరంగా కూర్చోబెట్టారని ఒక లైన్‌లో రాసి వదిలేశారు. ఆ లైన్ దగ్గర నేను ఆగాను. ఆ దుఃఖం ఉంటుంది, ఏడవండి.

తగ్గుతుందా అంటే, తగ్గుతుంది. ఎలా తగ్గుతుందో చెబితే మీరే గుర్తుపట్టగలుగుతారు. బుగులు పుట్టడం ముందు ఆగదు. పుట్టిన బుగులు దిగడానికి పట్టే సమయం ముందు తగ్గుతుంది. ఇవాళ ఒక చప్పుడుకు రెండు రోజులు పోతుంటే, కొన్ని నెలలకు ఒక సాయంత్రం పోతుంది, తర్వాత పావుగంట. మధ్యలో మళ్ళీ వెనక్కి పోయినట్టు అనిపించే వారాలు వస్తాయి, పెళ్లిరోజు దగ్గర పడినప్పుడో, బతుకమ్మ రోజుల్లో అందరూ మొగుళ్లతో, పిల్లలతో బయటికి వచ్చినప్పుడో. అప్పుడు మొదటికొచ్చిందని బెంగపెట్టుకోకండి.

చప్పుడు వినపడగానే "భయపడొద్దు" అని మీకు మీరే గట్టిగా చెప్పుకోవడం వల్ల లాభం లేదు, ఒళ్లు వినదు. దానికి తారీఖు చెప్పండి. గది తాళంచెవి చేతిలోకి తీసుకోండి. దాని చల్లదనం, పళ్లు వేలికి తగలనివ్వండి. పైకి వినపడేలా అనండి: ఇది హన్మకొండ, ఇది నా గది, తాళం నా దగ్గరుంది, ఇవాళ ఫలానా వారం. పీల్చిన దానికన్నా వదిలే ఊపిరి పొడుగ్గా ఉండనివ్వండి, నాలుగు లెక్కపెడుతూ పీలిస్తే ఆరు లెక్కపెడుతూ వదలండి. తర్వాత కిటికీలోంచి చూసి ఆ బండి ఎవరిదో చూడండి. ఈ చివరిది వదలకండి. చూడకుండా దాక్కున్న ప్రతిసారీ "దాక్కున్నా కాబట్టే బతికా" అని ఒళ్లు లెక్క రాసుకుంటుంది. చూసిన ప్రతిసారీ ఆ లెక్క కొంచెం మారుతుంది.

ఇది ఇంట్లో చేసుకునేది. అసలు వైద్యం వేరే ఉంది. ట్రామా కోసమే తయారైన మాటల చికిత్సలు ఉన్నాయి: ట్రామా మీద దృష్టి పెట్టి ఆలోచనలను, అలవాట్లను మార్చే సీబీటీ, కళ్లను అటూ ఇటూ కదిలిస్తూ పాత జ్ఞాపకాన్ని తలుచుకునే ఈఎండీఆర్. నేర్చుకున్నవాళ్ల దగ్గర చేయించుకుంటే బాగా పనిచేస్తాయి. మొదటి రోజే అన్నీ చెప్పమని ఒత్తిడి పెట్టేవాళ్ల దగ్గర ఉండకండి. ముందు మీ కాళ్ల కింద నేల గట్టిపడాలి, కథ తర్వాత. మందులు కూడా ఉన్నాయి. డిప్రెషన్‌కు వాడేవాటిలోనే కొన్ని దీనికీ ఇస్తారు, గుణం కనపడటానికి కొన్ని వారాలు పడుతుంది, అలవాటు పడే రకం కాదు. మెడికల్ షాపులో అడిగి తెచ్చుకునే అల్ప్రజోలం లాంటి నిద్రబిళ్లలు మాత్రం వద్దు. అవి అలవాటవుతాయి, లోపలి భయాన్ని నయం చేయవు. వరంగల్ ఎంజీఎం ఆసుపత్రిలో సైకియాట్రీ విభాగం ఉంది, అక్కడ మొదలుపెట్టండి. ఎవరైనా చూస్తారేమో అని టెన్షన్‌గా ఉంటే ముందు 14416కు ఫోన్ చేయండి. టెలీ మానస్ అంటారు, 2022 అక్టోబర్‌లో మొదలైంది, పైసా ఖర్చు లేదు, రాత్రి మూడింటికి కూడా తెలుగులో మాట్లాడతారు. మీరు రాయలేదు గానీ నేను అడగాలి: చచ్చిపోతే బాగుండు అనిపిస్తోందా? అనిపిస్తే ఇది చదవడం ఇక్కడే ఆపి ఆ నంబరుకు చేయండి, మీరు నమ్మే ఒక మనిషిని పక్కన కూర్చోమనండి.

బాబు సంగతి. హోంవర్క్ దగ్గర మీరు గట్టిగా అరిస్తే వాడు రెండు చేతులు తల మీద పెట్టుకున్నాడని, అది చూసి మీరు బాత్రూంలోకి వెళ్లి ఏడ్చారని రాశారు. వాడికి ఎనిమిదేళ్లు. అంటే ఐదేళ్ల వరకు ఆ ఇంట్లోనే ఉన్నాడు. వాడి మీద చెయ్యి పడకపోయినా, ఆ పన్నెండు అడుగులు వాడూ లెక్కపెట్టాడు. చేతులు తల మీదికి పోవడం మీ చేతులు చల్లబడటం లాంటిదే. మీరు అతనిలా అయిపోయారని దానర్థం కాదు. అతను ఎప్పుడైనా బాత్రూంలోకి వెళ్లి ఏడ్చాడా? ఇవాళే వాడి దగ్గర కూర్చోండి. "నేను అరిచాను, తప్పు నాది, నీది కాదు. నేను నిన్ను కొట్టను" అనండి. ఇంతే, పొడిగించకండి. వాళ్ల నాన్నను వాడి ముందు తిట్టకండి. వాడు అడిగితే "కొట్టడం తప్పు, అందుకే వచ్చేశాం" చాలు. అన్నం వేళ, పడుకునే వేళ, బడి వేళ రోజూ ఒకేలా ఉండనివ్వండి. తర్వాత ఏం జరుగుతుందో ముందే తెలియడం ఇలాంటి పిల్లలకు పెద్ద మందు. పక్క తడపడం, బడిలో పిల్లల్ని కొట్టడం లాంటివి ఉంటే వాడినీ చూపించండి.

చట్టం గురించి మీరు అడగలేదు కాబట్టి క్లుప్తంగా. 2005 గృహ హింస చట్టంలో మాటలతో, మనసుకు, డబ్బు విషయంలో పెట్టే బాధ కూడా హింసే. మానసిక క్షోభకు పరిహారం అడిగే హక్కు దానిలో ఉంది. ఈ చట్టం కింద దరఖాస్తు పెట్టుకోవడానికి ఏడాది గడువు అడ్డురాదని 2022లో సుప్రీంకోర్టు చెప్పింది, కాబట్టి మూడేళ్లయింది అని ఎవరైనా అంటే నమ్మకండి. ఆడవాళ్లకు ఆదాయంతో సంబంధం లేకుండా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది. మహిళల హెల్ప్‌లైన్ 181కి ఫోన్ చేస్తే, హింస పడ్డ ఆడవాళ్లకు సాయం చేసే సఖి కేంద్రానికి దారి చూపిస్తారు. కానీ కోర్టు వరండాలో అతన్ని ఎదురుగా చూడటం ఒంటికి మళ్ళీ ఆ రాత్రే. వెళ్లాలనుకుంటే కౌన్సెలింగ్ కొంత సాగాక వెళ్లండి, విచారణ మూసిన గదిలో జరపమని అడగొచ్చు. వెళ్లకూడదనుకుంటే అదీ మీ ఇష్టమే.

ఇక పర్కాల. అక్క కూతురి చీరల ఫంక్షన్, అతన్నీ పిలిచారు, మీరు రాకపోతే బాగోదని అందరూ అంటున్నారు. వెళ్లకపోయినా తప్పు లేదు. ముందు రోజే వెళ్లి పిల్లకు బొట్టు పెట్టి, బట్టలు పెట్టి, భోజనం చేసి రావచ్చు. అక్కకు నిజం చెప్పండి, ఆమెకు తెలియనిదేమీ లేదు. అదే రోజు వెళ్లాలని ఉంటే, బయల్దేరడం, తిరిగి రావడం మీ చేతిలో ఉండాలి. ఎవరి కారులోనో ఎక్కకుండా మీ ఆటో మీరే మాట్లాడుకోండి. మీ పక్కనే ఉండే ఒక మనిషిని ముందే అడిగి పెట్టుకోండి, మీరు చెయ్యి పట్టుకుంటే ఏమీ అడగకుండా లేచి మీతో వచ్చేయాలి. గుమ్మం దగ్గర కూర్చోండి. బాబు మీ కళ్లెదుటే ఉండాలి. భోజనాలయ్యాక పెద్దవాళ్లెవరైనా కుర్చీలు దగ్గరికి లాగి "ఎట్లాగూ ఇద్దరూ వచ్చిన్రు, కూసోని మాట్లాడుకుందాం" అంటారు. తప్పకుండా అంటారు. అప్పుడు జవాబు చెప్పనక్కర్లేదు, కోప్పడనక్కర్లేదు. "బాబుకు రేపు బడి ఉంది, పోయొస్తం" అని లేవండి. ఆటో నంబరు ఫోన్‌లో ముందే పెట్టుకోండి.